కాగితము లేని జప్తు: భద్రాచల సరిహద్దు వర్తకునకు పోలీసు పీడనమునుండి న్యాయరక్షణ

ఖమ్మమునుండి కొత్తగూడెము, సారపాకల మీదుగా వచ్చిన మార్గము గోదావరి వంతెన దాటి భద్రాచలమున దిగిన పిమ్మట, కొద్ది దూరములోనే ఒక రాష్ట్రమును విడిచి మరియొక రాష్ట్రమున ప్రవేశించును. పోలవరము ముంపు ప్రాంతములను ఆంధ్రప్రదేశమునకు చేర్చుచు 2014లో పార్లమెంటు చేసిన సవరణ చట్టమువలన పట్టణము తెలంగాణములో నిలిచినది గాని, దాని పరిసర గ్రామములు పెక్కులు ఆంధ్రమున చేరినవి; ఉత్తరమున దుమ్ముగూడెము, చర్ల మండలముల కావల ఛత్తీస్‌గఢ్ రాష్ట్రపు సుక్మా, బీజాపూరు జిల్లాల యడవులును, చింతూరు మీదుగా పోయినచో ఒడిశాలోని మల్కనగిరి సీమయు గలవు. తునికాకు, మిర్చి, వెదురు, చింతపండు, ఇప్పపువ్వు, సంతలకు పోవు ఉప్పు, బట్టలు, కిరాణా సామాను మొదలగు వర్తకమంతయు ఈ బాటలమీదనే సాగుచుండగా, మల్కనగిరి కొండల గంజాయియు ఈ బాటలనే పట్టి మైదానమునకు దిగుచున్నది. అడవిలోని సాయుధదళములకు చేరు బియ్యము, మందులు, బ్యాటరీలు సరిహద్దున నేదో యొక దుకాణమున కొన్నవే యని పోలీసువారికి చిరకాలముగా నున్న శంక.

కావున ఈ సీమలో బండి నాపి చూచుట, బస్తా విప్పించుట, దుకాణపు లెక్క లడుగుట పోలీసు విధిలోని భాగములే యగుచున్నవి. వానిని వేధింపులని యెవ్వరును కొట్టివేయజాలరు. చిక్కెక్కడ నున్నదనగా, చట్టబద్ధమైన తనిఖీయు, కేవల పీడనమును చూచువానికి ఒక్క తీరుననే కానవచ్చును: ఆగిన లారీ, ఠాణాముందు గంటలకొలది కూర్చున్న యజమాని, దించివేసిన సరకు. రెండింటిని వేరుపరచునది అధికారి మనోభావము కాదు, అతడు వ్రాసిన కాగితము. నోటీసు, పంచనామా, జప్తు జాబితా, జనరల్ డైరీలోని నమోదు, మేజిస్ట్రేటునకు పంపిన నివేదిక యున్నచోట ఆ చర్య తప్పైనను ఒప్పైనను న్యాయస్థానము దానిని విచారింపగలదు. ఏ కాగితమును లేనిచోట విచారింపవలసిన వస్తువే లేకుండును. వర్తకునకు చట్టమున రక్షణలు కొదువగా లేవనియు, అవి యన్నియు లిఖితమునుండియే ప్రారంభమగుటచేత, లిఖితము లేకుండ జరుగు పీడనమునెదుట నిష్ఫలములగుచున్నవనియు, అందుచే మొదటి యత్నమంతయు జరిగినదానిని లిఖితముగా మార్చుటయందే యుండవలెననియు ఈ వ్యాసమున ప్రతిపాదించుచున్నాను.

ఈ ప్రాంత చరిత్ర నెరిగినవారికి ఇచటి వర్తకుడు పోలీసు పీడితుడనుట కొంత విడ్డూరముగా తోపవచ్చును. భద్రాచలము తాలూకా 1874 వరకు మధ్యపరగణాలలోని ఎగువ గోదావరి జిల్లాయం దుండి, ఆ యేట మద్రాసు రాజధానికి మారినది. 1879లో రంప మన్యమున పుట్టి రేకపల్లి సీమకు ప్రాకిన ఫితూరీకి కల్లు పన్ను ఎంత కారణమో, మైదానపు షావుకారులు కొండవారిపై వారి పరోక్షమున పొందిన డిక్రీల నెపమున వారి పశువులను, ధాన్యమును పట్టుకొని పోయిన పోలీసుల దౌష్ట్యమును అంత కారణము. నాడు వర్తకుడును పోలీసును ఒక పక్షమే. అటుపిమ్మట గిరిజన రక్షణకై వచ్చిన శాసనములు, అనగా భూబదలాయింపు నిబంధనలు (1959), వానిని కట్టుదిట్టము చేసిన 1970 సవరణ, షెడ్యూల్డు ప్రాంతములలో వడ్డీ వ్యాపారముపై 1960 నాటి నియంత్రణ, అటవీ ఫలసాయపు క్రయవిక్రయములను గిరిజన సహకార సంస్థ కప్పగించిన 1979 నాటి రెగ్యులేషను, ఇవన్నియు గిరిజనేతర వర్తకుని చేతులు కట్టుటకే పుట్టినవి, కట్టుట న్యాయమే. ఐనను వాని ఫలితముగా నేటి వర్తకుడు న్యాయస్థానపు గడప త్రొక్కుటకే జంకుచున్నాడు. దుకాణమున్న స్థలము బినామీ పేరున నుండును, కొలిచిన చింతపండునకు రశీదు లేకుండును; తన ఫిర్యాదుతోపాటు తన లొసుగును బయటపడునను భయముచేత అడిగిన మామూలు ముట్టజెప్పి యూరకుండును. సరిహద్దున వేధింపునకు బలమైన వేరు ఇదియే యని నా యభిప్రాయము. ఐనను స్థలపు హక్కులోని దోషము స్థలపు వివాదమునకే పరిమితము. దానివలన పోలీసునకు ఆ మనిషిని నిర్బంధించు నధికారము గాని, సరకును మ్రింగు నధికారము గాని సంక్రమింపదు.

సరకు పట్టుబడిన వర్తకుని హక్కులపై మన న్యాయస్థానములు చేసిన విచారణకు 1947 సెప్టెంబరులో మీరటు నగరమున జరిగిన సంఘటన మూలము. అమృతసరమునుండి బంగారము, వెండి అమ్మజూపుటకు వచ్చిన యొక వర్తకుని పోలీసులు శంకపై పట్టుకొని, సొత్తును ఠాణాలోని మాల్‌ఖానాలో నుంచిరి. పిమ్మట వానిని విడిచిరి, వెండి తిరిగి యిచ్చిరి. నూరు తులములకు మించిన బంగారముమాత్రము హెడ్డు కానిస్టేబులుతోపాటు పాకిస్తానమునకు పోయినది. కస్తూరీలాల్ రలియారాం జైన్ కేసుగా ప్రసిద్ధమైన ఆ వ్యాజ్యమున 1964లో సుప్రీము కోర్టు తీర్పు చెప్పుచు, పోలీసుల నిర్లక్ష్యము నిజమే గాని, పట్టుకొనుట, భద్రపరచుట సార్వభౌమాధికార కార్యములగుటచేత ప్రభుత్వము నష్టపరిహారమిచ్చుటకు బద్ధము కాదని నిర్ణయించెను. చట్టమును మార్చుమని శాసనసభలకు సూచన చేసెను గాని, ఆ సూచన అట్లే మిగిలినది.

ఆ తీర్పు పట్టును సడలించిన ఘనత ఆంధ్రప్రదేశములోని యొక వర్తకసంస్థకు దక్కవలెను. ఎరువులు, ఆహారధాన్యములు అమ్ముటకు లైసెన్సు గల ఎన్. నాగేంద్రరావు అండ్ కంపెనీ దుకాణమునకు 1975 ఆగస్టు 11న విజిలెన్సు విభాగపు పోలీసు ఇన్‌స్పెక్టరు వచ్చి, నిత్యావసర వస్తువుల చట్టము క్రింద నిలువలన్నిటిని పట్టుకొనెను. ఆ చట్టమునకు సంబంధింపని వస్తువులను సైతము విడువలేదు. ఎరువులను రైతులకు పంచుటకై వ్యవసాయాధికారి కప్పగింపుమని రెవెన్యూ అధికారి యుత్తరువు చేసినను, ఆ పంపకము జరుగనే లేదు. ఎరువు గాలికి, తేమకు చెడిపోవునది గనుక వెంటనే అమ్మింపుడని వర్తకుడు అర్జీలపై అర్జీలు పెట్టుకొనెను, సమాధానము రాలేదు. తుదకు నల్లబజారు వ్యాపారమునకు సాక్ష్యము లేదని తేలి, సరకులో స్వల్పభాగము తప్ప మిగిలినది విడిచిపెట్టవలెనని ఉత్తరువు రాగా, చేతికి రావలసిన సరకు నాణ్యమునను పరిమాణమునను చెడియున్నది. దిగువ కోర్టు పరిహారమునకు డిక్రీ యిచ్చెను. హైకోర్టు కస్తూరీలాల్ తీర్పును చూపి దానిని కొట్టివేసెను. 1994 సెప్టెంబరులో సుప్రీము కోర్టు, జస్టిస్ ఆర్.ఎం. సహాయ్ వ్రాసిన తీర్పున, చట్టము ప్రసాదించిన యధికారమును నిర్లక్ష్యముగా వినియోగించి పౌరుని సొత్తునకు నష్టము కలిగించిన ప్రభుత్వము సార్వభౌమత్వపు చాటున దాగజాలదని చెప్పి ఆ డిక్రీని నిలిపెను.

ఈ తీర్పును ప్రభుత్వ బాధ్యతా సిద్ధాంతమున నొక మలుపుగానే పండితులు చదువుదురు. నే నందు గమనింపదగినవిగా మరి రెండంశములు చూచుచున్నాను. ఒకటి, వర్తకుడు గెలుచుటకు పందొమ్మిదేండ్లు పట్టినది. రెండు, అతడు గెలిచినది తన యర్జీల బలముచేత. సరకు చెడుచున్నదని ఆనాడే వ్రాతపూర్వకముగా హెచ్చరించి యుండనిచో, అధికారుల నిర్లక్ష్యమును నిరూపించుట కేమి మిగిలియుండెడిది?

పందొమ్మిదేండ్ల నిరీక్షణ తప్పించుకొనుటకు మార్గము జప్తైన తొలి వారముననే గలదు. 2024 జూలై 1న అమలులోనికి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 106వ సెక్షను (పూర్వపు క్రిమినల్ ప్రొసీజర్ కోడులో 102వది) ప్రకారము, దొంగసొత్తని గాని నేరసంబంధమైనదని గాని శంక కలిగిన వస్తువును పట్టుకొనిన అధికారి ఆ సంగతిని అవిలంబముగా మేజిస్ట్రేటునకు తెలియజేయవలెను. 105వ సెక్షను ప్రకారము సోదాను, జప్తును, జాబితా తయారుచేసి సాక్షులచేత సంతకములు పెట్టించుటను దృశ్యశ్రవ్యముగా చిత్రీకరించి మేజిస్ట్రేటునకు పంపవలెను. సరకును గాని వాహనమును గాని తాత్కాలికముగా తిరిగి పొందుటకు 497, 503 సెక్షనుల క్రింద స్థానిక మేజిస్ట్రేటునకు దరఖాస్తు పెట్టుకొనవచ్చును. చెడిపోవు వస్తువులను అమ్మించి సొమ్ము నిలువచేయించు నధికారము మేజిస్ట్రేటునకు గలదు. కోర్టు ముందుకు వచ్చిన సొత్తుకు 14 దినములలో వివరణపట్టిక వ్రాసి, ఛాయాచిత్రములు తీయించి, అటుపై 30 దినములలో దాని విషయము తేల్చవలెనని క్రొత్త చట్టము గడువులు విధించినది. ఠాణాల ఆవరణలలో వాహనములు తుప్పుపట్టి పోవుటను చూచి సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసున 2002లో సుప్రీము కోర్టు చెప్పినదే నేడు శాసనరూపము దాల్చినదనవచ్చును. తునికాకు వంటి సరకునకు ఈ గడువులు ప్రాణప్రదములు: ఏప్రిల్, మే మాసములలో కోసి, యాబదేసి యాకుల కట్టలుగా కట్టి కల్లములలో ఆరబెట్టిన యాకు ఒక్క వానకు తడిసెనా, బీడీకి పనికిరాదు.

దుకాణమునకు తాళము వేయుట వేరు సంగతి. 106వ సెక్షనునకు పూర్వరూపమగు 102వ సెక్షనులో 'సొత్తు' అన్నమాట స్థిరాస్తికి వర్తింపదని 2019 సెప్టెంబరున నెవాడా ప్రాపర్టీస్ కేసున సుప్రీము కోర్టు తేల్చినది. కావున లోని సరకు నిజముగా నేరసంబంధమైనదైనను, ఆ సెక్షను పేరిట కొట్టునకు సీలు వేయుటకు ఇన్‌స్పెక్టరునకు హక్కు లేదు. ఈ తీర్పును జేబులో నుంచుకొనదగినవారు ఏజెన్సీ మండలములలో పలువురు గలరు.

గంజాయి కేసులలో లారీ యజమానుల దుఃఖము మరియొక తీరు. డ్రైవరో, కిరాయికి సరకు నెక్కించినవాడో చేసిన తప్పునకు బండి యేండ్ల తరబడి ఠాణాలో నిలిచియుండగా, యజమాని అప్పు వాయిదాలు కట్టుచుండును. మత్తుపదార్థముల చట్టము (1985) 60వ సెక్షను ప్రకారము తనకు తెలియకయే జరిగినదనియు, తగిన జాగ్రత్తలు తీసికొంటిననియు నిరూపించుకొనిన యజమాని బండిని కాపాడుకొనవచ్చును. విచారణ ముగియులోపల అట్టి బండిని విడుదల చేయుటకు ఆ చట్టమున నిషేధమేమియు లేదని బిశ్వజిత్ డే కేసున 2025 జనవరిలో సుప్రీము కోర్టు స్పష్టపరచినది. అకారణముగా సోదా చేసి జప్తు చేసిన అధికారిని శిక్షించు 58వ సెక్షనును ఆ చట్టముననే గలదు. ఆరు మాసముల కారాగారము గాని వేయి రూపాయల జుల్మానా గాని రెండును గాని దాని పరమావధి యగుటచేత కాబోలు, దాని నెవరును పట్టించుకొనరు. కలప, వెదురు విషయమున దారి వేరు: 1967 నాటి అటవీచట్టము క్రింద అటవీ శాఖవారు జప్తు నడిపినచో మేజిస్ట్రేటు కోర్టుకు పోయి ప్రయోజనము తక్కువ, అధీకృత అధికారి యెదుట వాదించుకొని, ఉత్తరువుపై జిల్లా న్యాయస్థానమునకు అప్పీలు పోవలెను.

ఇక మనిషి సంగతి. "సారు రమ్మంటున్నారు" అను ఫోను పిలుపు సరిహద్దు వర్తకునకు సుపరిచితము. ఏడేండ్లకు మించని శిక్ష గల నేరములలో అరెస్టు నియమము కాదనియు, ముందు నోటీసు ఇయ్యవలెననియు అర్నేష్ కుమార్ కేసున 2014లో చెప్పబడినది. ఆ నోటీసు నేడు నాగరిక్ సురక్షా సంహిత 35వ సెక్షనులో గలదు, దానిని వాట్సాపులో పంపిన చాలదని సుప్రీము కోర్టు 2025 జనవరిలో ఆదేశించినది. సాక్షిగా పిలిచినను 179వ సెక్షను క్రింద వ్రాతమూలకమైన ఉత్తరువు వలయును. స్త్రీలను, అరువదేండ్లు దాటినవారిని, వ్యాధిగ్రస్తులను ఇంటనే విచారింపవలెను. పిలుపు నోటిమాటగా వచ్చినప్పుడు, "ఫలానా దినమున ఫలానా వేళ పిలిచినారు, నోటీసు దయచేసిన హాజరగుదును" అని యొక లేఖను స్పీడు పోస్టులో ఠాణాకును, ప్రతిని జిల్లా ఎస్పీకిని పంపుట మేలు. పరమ్‌వీర్ సింగ్ సైనీ కేసు తీర్పు (2020) ననుసరించి ప్రతి ఠాణాలోను సీసీ కెమెరాలుండి, వాని చిత్రములు పదునెనిమిది మాసములు భద్రపరుపబడవలెను. కూర్చుండబెట్టిన దినమును లేఖలో పేర్కొన్నచో ఆ చిత్రములను కోరుట సులభమగును. సంకెళ్ల విషయమున 1980నుండియు సుప్రీము కోర్టు తీర్పున్నను, 2017 మేలో ఖమ్మము మిర్చి యార్డు గొడవలో నిందితులైన రైతులను సంకెళ్లతో కోర్టుకు తెచ్చిరి. ఛాయాచిత్రములు పత్రికలలో వచ్చినందున సిబ్బందిపై చర్య తీసికొనిరి. అచ్చటను సాక్ష్యమే పని చేసినది.

ఈ సీమకే ప్రత్యేకమైన సంకటము మరియొకటి కలదు. తునికాకు కాంట్రాక్టరులు, రహదారి పనుల గుత్తదారులు మావోయిస్టులకు సొమ్ము ముట్టజెప్పనిదే అడవిలో పని సాగని కాలము చిరకాలము నడిచినది. ఇయ్యకున్న కల్లము కాలును. ఇచ్చిన ఉగ్రవాదమునకు ధనసహాయము చేసెనని చట్టవ్యతిరేక కార్యకలాపముల నిరోధక చట్టము క్రింద కేసగును, అందు బెయిలు దుర్లభము. ఝార్ఖండులో బొగ్గు రవాణా చేయు సుదేష్ కేడియా ఇట్లే చిక్కినప్పుడు, 2021 ఏప్రిల్ 9న సుప్రీము కోర్టు వానికి బెయిలిచ్చుచు, వ్యాపారము సాగుటకై బెదిరింపునకు లొంగి ముట్టజెప్పిన సొమ్ము ఉగ్రవాద పోషణమని ప్రథమదృష్టిని చెప్పజాలమని పలికినది. పొరుగుననే దంతెవాడలో 2011లో ఉక్కు సంస్థ తరపున మావోయిస్టులకు సొమ్ము చేర్చుచుండిరని పెట్టిన కేసు నిందితులందరి విడుదలతో 2022లో ముగిసినది. నడుమ పదేండ్లకు పైగా గడచినవి. కేడియా తీర్పు బెయిలు దశకు సంబంధించినదేనని మరువరాదు. బలవంతపు వసూలును ఆనాడే పోలీసులకు తెలిపిన పత్రమున్నచో వర్తకుని పక్షము దృఢపడునుగాని, అట్టి పత్రమే అడవిలో ప్రాణాంతకము కావచ్చును. ఇచ్చట నా ప్రతిపాదనకు హద్దున్నదని అంగీకరింపవలసియున్నది.

లంచమడిగిన యధికారిపై అవినీతి నిరోధక శాఖ నాశ్రయించువానికి అవినీతి నిరోధక చట్టపు 2018 సవరణ యొక గడువు పెట్టినది: బలవంతముమీద ఇచ్చినవాడు ఏడు దినములలో తెలిపినచో నేరస్థుడు కాడు, ఇయ్యకమునుపే తెలిపి, శాఖవారికి సహకరించుచు ఇచ్చిన నేరములేదు. నిర్బంధము, బెదిరించి వసూలుచేయుట నేరములే యగుటచేత నాగరిక్ సురక్షా సంహిత 173వ సెక్షను క్రింద ఠాణాకు, పిమ్మట ఎస్పీకి వ్రాసి, ఫలితము లేనిచో 175వ సెక్షను క్రింద ప్రమాణపత్రముతో మేజిస్ట్రేటు నాశ్రయింపవచ్చును. గిరిజన వర్తకులైనచో షెడ్యూల్డు కులముల, తెగల అత్యాచార నిరోధక చట్టము (1989) వారికి మరింత పదునైన సాధనము: తప్పుడు కేసు పెట్టుట సైతము దానియందు నేరమే. మానవహక్కుల కమిషను ఏడాది దాటిన ఫిర్యాదును స్వీకరింపదు.

అప్పు రాబట్టుకొనుట, భాగస్థుల తగవు, అద్దెకొట్టు ఖాళీచేయించుట మొదలగు సివిలు వివాదములలో ఠాణాలో పంచాయతీ చేయు ఆచారము రిట్ పిటిషనులకు ముఖ్యవిషయము. వాణిజ్య వివాదములలో ఎఫ్.ఐ.ఆర్.కు ముందు ప్రాథమిక విచారణ చేయవచ్చునని లలితాకుమారి కేసు (2013) చెప్పినది. దురుద్దేశముతో పెట్టిన కేసును కొట్టివేయు నధికారము హైకోర్టునకు భజన్‌లాల్ తీర్పునాటినుండి సుస్థిరము. రాజ్యాంగపు 226వ అధికరణము క్రింద రిట్ వేసినచో సాధారణముగా జరుగున దిది: పోలీసుల పక్షమున ప్రభుత్వ న్యాయవాది నిలిచి, మేమెవ్వరిని పిలువలేదు, సివిలు వివాదమున జోక్యము చేసికొనము అనును, న్యాయమూర్తి ఆ మాటను నమోదుచేసి, చట్టప్రకారము తప్ప చర్య తీసికొనరాదని ఆదేశించి పిటిషనును ముగించును. ఏమియు దక్కలేదని వర్తకుడు నిట్టూర్చును. అది పొరపాటు. నమోదైన ఆ మాటయే వానికి కవచము; తిరిగి పిలిచినచో కోర్టు ధిక్కార చట్టము (1971) క్రింద ఏడాదిలోపల కదలవచ్చును.

ఏ కోర్టుకు పోవలెనను ప్రశ్న సరిహద్దున చిన్నది కాదు. భద్రాచలమున నాపిన బండికి హైదరాబాదు, చింతూరున నాపినదానికి అమరావతి, కోంటలో నాపినదానికి బిలాసపురము హైకోర్టులు. వ్యాజ్యకారణములో కొంతభాగమైనను తన పరిధిలో జరిగిన హైకోర్టు రిట్ స్వీకరింపవచ్చుననియు, పరిధితో నిమిత్తము లేక ఏ ఠాణాలోనైనను ఫిర్యాదు నమోదు చేయవలెననియు చట్టమున్నది గనుక, సరకు బయలుదేరిన ఊరి రశీదు, లారీ వేబిల్లు, టోలు చీటీ పారవేయకుండుట వర్తకునకు లాభకరము. సివిలు దావాలకు షెడ్యూల్డు ప్రాంతమున 1924 నాటి ఏజెన్సీ నిబంధనలు నేటికిని వర్తించుచున్నందున, మైదానపు వకీలు అలవాటున వేసిన దావా పరిధి దోషముతో వాపసు వచ్చు ప్రమాదము గలదు.

న్యాయసేవల చట్టము (1987) 12వ సెక్షను ప్రకారము గిరిజనులకు ఆదాయపరిమితి లేకుండ ఉచిత న్యాయసహాయము లభించును. సంతలో గంపలు పెట్టుకొని అమ్ము కోయ స్త్రీయు వర్తకురాలే, ఆమె నుండి గంప లాగుకొనుటయు జప్తే. కావున మండల న్యాయసేవా సమితులవారు జప్తు జాబితా, హాజరు నోటీసు, సరకు విడుదల దరఖాస్తు, ఈ మూడింటి నమూనాలను తెలుగున ముద్రించి, కోయభాషలో చదివి వినిపించు ఏర్పాటుతో ప్రతి సంతలోను పంచిపెట్టవలెననియు, కిరాణా, లారీ, తునికాకు వర్తక సంఘములవారు నోటిమాట పిలుపులను దినము, వేళలతో నమోదుచేయు పుస్తకమొకటి తెరువవలెననియు నా మనవి.